సొంతింటి చుట్టం

మా మామగారి దగ్గర తన ఇంటి తాళంచెవి లేదు. పారేసుకోలేదు, ఎవరూ లాక్కోలేదు. అసలు పెట్టుకోలేదు. ఆ ఇంటికి తాను చుట్టాన్నని ఆయన నమ్మకం. పొద్దున్నే "మరి సెలవు తీసుకుంటానండీ" అని అందరికీ చెప్పి బయల్దేరతారు. సాయంత్రం బెల్లు కొట్టి, గుమ్మానికి రెండడుగుల అవతల చేతులు కట్టుకుని నిలబడతారు. తలుపు ఎవరు తీస్తే వాళ్ళని "లోపలికి రావచ్చా అండీ?" అని అడుగుతారు. రమ్మంటే వస్తారు. మనం ఏదో ధ్యాసలో ఉండి రమ్మనడం మరిచిపోతే, అక్కడే నిలబడి పూలకుండీలు చూస్తూ ఉంటారు.

ఆయన వృత్తి ఏమిటో చెబితే మీరు నమ్మరు. తాళాలు బాగుచెయ్యడం. మార్కెట్టు వీధి మలుపులో, ఒక పాత మేడ మెట్ల కింద, నిటారుగా నిలబడితే తలకి బొప్పి కట్టే దుకాణం ఆయనది. గోడల నిండా తాళంచెవులు వేలాడుతుంటాయి. చిన్న ఇనపతీగ ఒకటి చేతికిస్తే ఊళ్ళో ఏ తలుపైనా ఆయన మాట వింటుంది. మా అత్తగారికి, మా ఆయనకి, నాకు, ఆఖరికి పక్కింటావిడకి కూడా మా ఇంటి తాళంచెవి ఆయనే ఆకురాయితో అరగదీసి చేసిచ్చారు. తనకి మాత్రం చేసుకోలేదు. ఎందుకండీ అంటే, "చుట్టానికి తాళంచెవి ఏమిటమ్మా? చూసేవాళ్ళకి బాగుండదు" అంటారు.

నిజానికి మా పెళ్ళిరోజునే నాకు అనుమానం రావలసింది. మా పిన్ని ఎదురెళ్ళి, "మీరు ఎవరి తరఫండీ?" అని అడిగితే, "పిలిస్తే వచ్చానండీ" అన్నారట. మా పిన్ని పాపం ఆయన్ని తీసుకెళ్ళి చివరి వరసలో, ఫ్యాను గాలి తగలని కుర్చీలో కూచోబెట్టింది. కాసేపటికి పెళ్ళికొడుకు తండ్రి ఏడీ, ఏడీ అని గోల మొదలైంది. జనం నాలుగు పక్కలా వెతుకుతుంటే ఈయన కూడా లేచి, ఎంతో శ్రద్ధగా, కుర్చీల కింద సైతం వంగి చూస్తూ వెతకడం మొదలుపెట్టారు.

కాపురానికి వెళ్ళిన కొత్తలో ఒకరోజు ఇంట్లో నేనొక్కదాన్నే ఉన్నాను. బెల్లు మోగింది. తీస్తే మామగారు. చేతిలో బిస్కెట్ల పొట్లం.

"ఇంట్లోవాళ్ళు ఉన్నారా అమ్మా?"

"అత్తయ్యగారు బజారుకెళ్ళారండీ."

"అలాగా. అయితే మళ్ళీ వస్తాను," అని ఆయన వెనక్కి తిరిగారు.

"అయ్యో మామయ్యగారూ, ఇది మీ ఇల్లే కదండీ!"

ఆయన అటూ ఇటూ చూసి, గొంతు తగ్గించి, "నీతో ఎవరన్నారమ్మా ఆ మాట? ఊరన్నాక పుకార్లు ఉంటాయి. నువ్వు నమ్మకు," అన్నారు.

"పోనీ, నేనున్నాను కదా. లోపలికి రండి."

"నువ్వు రమ్మంటే రాకుండా ఎలా ఉంటాను!" అని మొహం చేటంత చేసుకుని, కాళ్ళు శుభ్రంగా తుడుచుకుని వచ్చి, కుర్చీ అంచు మీద కూచున్నారు. చుట్టూ కలయజూసి, "ఇల్లు చాలా బాగుందమ్మా. గాలీ వెలుతురూ బాగా వస్తున్నట్టున్నాయి," అన్నారు.

ఆయన పుట్టింది ఆ ఇంట్లోనే.

భోజనాల దగ్గర ఆయన మొహమాటం చూసి తీరాలి. అత్తగారు "ఇంకొంచెం కూర వేస్తాను" అంటే, "అబ్బే, చాలండీ" అంటారు. "మొహమాట పడకండి" అంటే చెయ్యి అడ్డం పెడతారు. మూడోసారి ఆ వేళ్ళ సందులోంచి పడేలా వడ్డిస్తే, "మీరు వినరు కదా!" అని పరమానందంగా తింటారు. ఇది ప్రతిపూటా జరిగే తంతు. ఒకరోజు ఏదో విషయంలో ఇద్దరికీ మాటామాటా వచ్చింది. ఆ పూట అత్తగారు ఒక్కసారే అడిగింది. ఈయన అలవాటు ప్రకారం "చాలండీ" అన్నారు. "సరే" అని ఆవిడ గిన్నె మీద మూత పెట్టేసింది. ఆ మూతవంక ఆయన చూసిన చూపు నేను జన్మలో మరిచిపోను. సగం ఆకలితోనే, వంట అమోఘమని మెచ్చుకుని మరీ, దుకాణానికి వెళ్ళిపోయారు.

అత్తగారు కాసేపు గిన్నెల్ని ఎత్తెత్తి పెట్టింది. ఆ తర్వాత ఒక డబ్బా సర్ది నా చేతికిచ్చి, "ఇచ్చిరా. నేను పంపానని మాత్రం అనకు," అంది.

మామగారు డబ్బా అందుకుని మూత తియ్యకుండానే, "ఎవరో చాలా మంచివాళ్ళు పంపినట్టున్నారు. కూర అద్భుతంగా ఉందని చెప్పమ్మా," అన్నారు.

"మీరింకా తిననేలేదు కదండీ!"

"తిన్నాక నిద్రొచ్చేస్తుంది. మర్యాద ముందే చేసెయ్యాలి."

పని దగ్గరా ఇదే వరస. ఒకాయన తాళంచెవి లోపలే మరిచిపోయి తలుపు లాగేసుకుని, మామగారిని పిలుచుకెళ్ళాడు. ఈయన తీగ పెట్టి అటూ ఇటూ తిప్పగానే తలుపు తెరుచుకుంది. తెరుచుకున్న తలుపుని ఈయన మళ్ళీ మెల్లగా దగ్గరకి వేసి పక్కకి జరిగారు.

"అదేంటండీ, మళ్ళీ వేసేశారు?"

"తలుపు మీదండీ. తోసుకుని ముందు మీరు వెళ్ళాలి."

ఆ పెద్దమనిషి లోపల కుళాయి కట్టలేదని గుర్తొచ్చి, కంగారులో తన సంచీతోపాటు మామగారి పనిముట్ల సంచీ కూడా పట్టుకుని లోపలికి పరుగెత్తాడు. వెనకాల తలుపు టక్కున పడిపోయింది. ఈయన బయట. చేతిలో తీగ అలాగే ఉంది. ఎదురుగా ఇందాక తెరిచిన తాళమే. ఈయన మాత్రం వెళ్ళి మెట్ల మీద కూచున్నారు. పొద్దుగూకే వేళకి ఆ పెద్దమనిషి చెత్త పారెయ్యడానికి బయటికొచ్చి అదిరిపడ్డాడు.

"మీరింకా ఇక్కడే ఉన్నారా! బెల్లు కొట్టొచ్చు కదండీ!"

"కొడదామనే లేచానండీ. స్నానాల గదిలోంచి మీ పాట వినిపించింది. చరణం మధ్యలో ఆపడం ఎందుకని..."

"పోనీ తలుపు తీసుకుని వచ్చెయ్యలేకపోయారా? మీకదెంత పని!"

మామగారు నొచ్చుకున్నారట. "తీయగలను కాబట్టే తీయకూడదండీ," అన్నారట.

జనాభా లెక్కలకి వచ్చిన అమ్మాయి మా గుమ్మంలో పడ్డ అవస్థ మా వీధిలో ఇప్పటికీ చెప్పుకుంటారు. ఆ రోజు గుమ్మంలో ఉన్నది ఈయనే.

"ఈ ఇంటి యజమాని ఎవరండీ?"

"ఆవిడ లోపలున్నారు. పిలుస్తానుండమ్మా."

"మీరు ఇక్కడే ఉంటారా?"

"వచ్చి పోతుంటాను."

"ఎన్నాళ్ళ నుంచి వచ్చి పోతున్నారు?"

"బాగా చిన్నప్పట్నుంచే."

ఆ అమ్మాయి రాసింది కొట్టేసి, మళ్ళీ రాసి, మళ్ళీ కొట్టేసి, చివరికి అత్తగారొచ్చి "ఆయన మా ఆయనేనమ్మా" అంటేగానీ కలం కదల్లేదు. వీధివాళ్ళు సంఘం పెట్టుకుని అధ్యక్షుడిగా ఉండమని అడగడానికి వస్తే, "నేను ఈ వీధికి కొత్తండీ" అన్న మనిషి ఆయన.

ఒకసారి జ్వరమొచ్చింది. చుట్టంగా వచ్చి మంచం పట్టడం ఎంత సభ్యత తక్కువ పనో తలుచుకుని ఆయన కుమిలిపోయారు. ఒళ్ళు కాలుతుండగా లేచి, తల దువ్వుకుని, చిన్న సంచీలో రెండు చొక్కాలు పెట్టుకున్నారు.

"చాలా శ్రమ పెట్టానండీ. ఇక బయల్దేరతాను."

అత్తగారు మందుసీసా పట్టుకుని నిలబడింది. "జ్వరంతో ఎక్కడికి?"

"అదే తోచడం లేదండీ."

"తోచినప్పుడు వెళ్దురుగాని. పడుకోండి."

"మీరు అంతగా బలవంతం చేస్తుంటే..." అని ఎంతో ఊరటగా దుప్పటి కప్పుకున్నారు.

బంధువుల్లో ఆయన గురించి నవ్వుకోనివాళ్ళు లేరు. ఇల్లు పట్టనివాడనీ, పెళ్ళాన్ని చూస్తే భయమనీ, ఒక మర కాస్త వదులనీ రకరకాలుగా అనేవాళ్ళు. ఒకరోజు దుకాణంలో ఆయన తాళంచెవి అరగదీస్తుంటే ఉండబట్టలేక అడిగేశాను. "మామయ్యగారూ, అందరూ నవ్వుతున్నారండీ. మీకేమీ అనిపించదా?"

ఆయన పొడి ఊదుకుని, "ప్రతివాడూ లోపల తన బొమ్మ ఒకటి గీసుకుంటాడమ్మా," అన్నారు. "మా బావలూ తమ్ముళ్ళూ అందరూ ఇంటి యజమానుల బొమ్మ గీసుకున్నారు. వాళ్ళ మొహాలు చూశావా? ఎప్పుడూ ఏదో ఒకటి విరిగిపోయినట్టు పెడతారు. నేను చుట్టం బొమ్మ గీసుకున్నాను. ఎక్కడికెళ్ళినా ఎవరో ఒకరు కూచోమంటున్నారు, టీ ఇస్తున్నారు. నష్టమేముంది?"

ఆయన మీద అందరికంటే ఎక్కువ మండిపడేది ఆయన అక్కయ్య. నేను పెద్దమ్మగారూ అని పిలిచేదాన్ని. చాటున మా ఇంటిల్లిపాదీ ఆవిణ్ని జడ్జీగారు అనుకునేవాళ్ళం. భర్త పోయాక పక్కవీధిలో కొడుకు దగ్గర ఉంటూ, పొద్దున టిఫిను కాగానే మా ఇంటికి వచ్చేది. ఆవిడకీ తాళంచెవి ఉంది, తమ్ముడు చేసిచ్చిందే. బెల్లు గిల్లు ఏమీ లేదు. నేరుగా వచ్చి, ఇల్లంతా తిరిగి, తీర్పులు చెప్పేది.

"ఈ కుర్చీ ఇటు ఎవరు తిప్పారు? మా అమ్మ ఉన్నప్పుడు కిటికీవైపు ఉండేది."

"ఆ గిన్నె పైనుండాలి. మా అమ్మ కింద పెట్టనిచ్చేది కాదు."

తమ్ముడు సాయంత్రం బెల్లు కొట్టేసరికి ఆవిడ ఉందంటే ఇక చూడాలి. "ఒరే, సిగ్గులేదురా నీకు? మగాడివై పుట్టి, నీ ఇంట్లోకి నువ్వు అడుక్కుంటూ వస్తావేంట్రా?"

"అడుక్కోవడం కాదక్కయ్యా. అడగడం," అనేవారు ఆయన, గుమ్మం బయటినుంచే.

ఇక నా గొడవకి వస్తాను. నేను పళ్ళసెట్లు తయారుచేస్తాను. పళ్ళ డాక్టర్లు అచ్చులు తీసి పంపిస్తే, వాటిమీద మైనంతో చిగుళ్ళు మలిచి, పళ్ళు వరసగా కూర్చడం నా పని. పెళ్ళికి ముందు ఒక దుకాణంలో చేసేదాన్ని. పెళ్ళయ్యాక ఇంటి దగ్గరే చేసుకోమని యజమాని ఒప్పుకున్నాడు. దానికి కావలసినవి ఒక బల్ల, మంచి వెలుతురు. మా ఇంట్లో వెలుతురున్న గది ఒక్కటే, వీధివైపు గది. ఆ గదిలో మా మామగారి తల్లి తాలూకు బీరువా ఉంది. ఉంది అంటే సరిపోదు. గదంతా అదే. కిటికీకి అడ్డంగా, పైకప్పు అందుకునేలా, నల్లగా, ఏనుగు వచ్చి నిద్రపోయినట్టు ఉండేది. ఆవిడ పోయాక దాన్ని ఎవరూ అంగుళం కదిపి ఎరగరు.

మా ఆయన్ని అడిగాను. "అమ్మని అడిగి చెప్తా" అన్నారు. అత్తగారు, "నాకేం అభ్యంతరం తల్లీ? మా వదినగారు ఊరుకోవాలిగా" అంది. మా ఆయన ధైర్యం తెచ్చుకుని మేనత్తని అడిగారు.

జడ్జీగారు ఒంటికాలి మీద లేచింది. "ఎవరివో పళ్ళు చేసుకోవడానికి మా అమ్మ బీరువా కదపాలా? నిన్నగాక మొన్న వచ్చిన పిల్ల! ఇవాళ బీరువా కదుపుతుంది, రేపు నన్ను కదుపుతుంది. కుదరదు."

కేసు కొట్టేశారు. నేను వంటింటి గట్టు మీద, వంటయ్యాక, లైటు కింద పని చేసుకోవడం మొదలుపెట్టాను. చక్కెర డబ్బా పక్కన కిందిదవడ ఒకటి ఇకిలిస్తూ కనిపించి అత్తగారు కెవ్వున అరిచింది. ఆవిడంటే నవ్వేసింది. జడ్జీగారు నవ్వలేదు. ఒకరోజు నేను స్నానానికి వెళ్ళి వచ్చేసరికి, ఆరడానికి కిటికీలో పెట్టిన సెట్టు లేదు. సాయంత్రం ఇచ్చెయ్యవలసినది. ఇల్లంతా వెతికితే చెత్తబుట్టలో, కూరగాయల తొక్కల కింద, రెండు ముక్కలై దొరికింది.

"అసహ్యంగా ఉంటే పారేశాను," అంది జడ్జీగారు. "మా అమ్మ ఇంట్లో ఇలాంటివి ఎప్పుడూ లేవు."

"ఇది మీ అమ్మగారి ఇల్లని తెలుసండీ," అన్నాను. నా గొంతు నాకే కొత్తగా వినిపించింది. "నాది కాదనీ తెలుసు. ఎవరింట్లో వాళ్ళుంటే బాగుంటుంది." గదిలోకి వెళ్ళి నాలుగు చీరలు సంచీలో కుక్కుకుని బయటికి నడిచాను. అత్తగారు పిలుస్తున్నా వినిపించుకోలేదు.

తలుపు తీస్తే ఎదురుగా మామగారు, బెల్లు మీద వేలు పెట్టబోతూ. నా మొహం చూశారు, సంచీ చూశారు.

"ఎక్కడికమ్మా?"

"మా అమ్మవాళ్ళింటికి."

"మంచిదే. వెళ్ళాలి అప్పుడప్పుడూ." ఆయన చేతులు కట్టుకున్నారు. "కానీ తలుపు తీసింది నువ్వు కదా. నువ్వు రమ్మంటేగానీ నేను లోపలికి వెళ్ళలేను. వచ్చాక కూచోమనాలి, మంచినీళ్ళివ్వాలి. చాలా పనుంది మరి. అదయ్యాక వెళ్ళు."

ఏడుపు మధ్యలో నాకు నవ్వొచ్చింది. "రండి," అన్నాను.

లోపల జడ్జీగారు నడిమధ్యలో నిలబడి ఉంది. "వచ్చావా! తేల్చు మరి. మీ కోడలు నన్ను మాటలంటోంది. ఇప్పుడు కూడా చుట్టాన్నీ పక్కాన్నీ అన్నావో ఊరుకోను. ఈ ఇంటికి యజమానివి నువ్వా, కాదా? ఒక్కసారి, ఒక్కసారి ఇంటాయనలాగా మాట్లాడు!"

మామగారు అత్తగారివైపు తిరిగి, "ఒక్క నిమిషం యజమానిగా ఉండొచ్చా అండీ?" అని అడిగారు.

అత్తగారి కళ్ళు పెద్దవయ్యాయి. "ఉండండి," అంది.

ఆయన వెళ్ళి పెద్దకుర్చీలో కూచున్నారు. అంచు మీద కాదు. వెనక్కి జారగిలబడి, కాలు మీద కాలు వేసుకుని. మా ఆయన పుట్టి బుద్ధెరిగాక ఆ దృశ్యం చూడలేదట, గోడ పట్టుకుని నిలబడిపోయారు. మామగారి గొంతు కూడా మారింది. ఆ గొంతు ఇన్నాళ్ళూ ఎక్కడ దాచారో తెలియదు.

"నేను ఈ ఇంటి యజమానిని. ఈ ఇంట్లో ఏ వస్తువు ఎక్కడుండాలో మా కోడలు చెబుతుంది. దానికి తను ఎవర్నీ అడగక్కర్లేదు. నన్ను కూడా."

ఆయన కాలు దించి, లేచి, కుర్చీ అంచుకి జరిగి కూచుని, "అయిపోయిందండీ," అన్నారు మామూలు గొంతుతో. "కొంచెం టీ దొరుకుతుందా?"

జడ్జీగారు చెప్పులేసుకుని వెళ్ళిపోయింది. వెళ్తూ చెంగుతో కళ్ళు ఒత్తుకోవడం నేను చూశాను. గెలిచినట్టుగా అనిపించలేదు.

వంటింట్లో అత్తగారు టీ పెడుతూ తనలో తను నవ్వుకుంటోంది. "ఈయన ఎప్పుడు చుట్టమయ్యారో నీకెవరూ చెప్పలేదు కదూ?" అంది.

"పుట్టుకతోనే అనుకున్నానండీ."

"కాదు. నా మూలాన. నేను కాపురానికి వచ్చినప్పుడు మా అత్త నడుముకి ఇంత తాళాల గుత్తి ఉండేది. పప్పుకి తాళం, చక్కెరకి తాళం. మంచినీళ్ళకి గ్లాసు తీసినా 'ఎవర్నడిగి తీశావు?' అనేది. ఒకరోజు ఆకలేసి, వెళ్ళి అల్మారా ముందు నిలబడ్డాను. ఈయన చూశారు. అప్పుడే తాళాల పని నేర్చుకుంటున్నారు. జేబులోంచి తీగ తీసి, తియ్యనా అన్నారు. వద్దన్నాను. దొంగతనంగా తింటే ఈ ఇంట్లో ఎప్పటికీ దొంగనే అవుతాను అన్నాను. మర్నాడు సాయంత్రం తలుపు బార్లా తెరిచే ఉంది, అయినా బెల్లు మోగింది. చూస్తే ఈయన, బయట నిలబడి. వాళ్ళమ్మని కాదు, ఆవిడ వెనకాల ఉన్న నన్ను అడిగారు, లోపలికి రావచ్చా అండీ అని."

"ఆవిడేమంది?"

"అనకుండా ఉంటుందా! మతిపోయిందట్రా, ఇది నీ ఇల్లురా అని ఒకటే కేకలు. ఈయన ఎంతో వినయంగా, 'ఈ అమ్మాయి నీళ్ళు తాగడానికి అడగాల్సిన ఇల్లు నాది ఎలా అవుతుందమ్మా? ఆవిడ చుట్టమైతే నేనూ చుట్టాన్నే. ఇద్దరం కలిసే వచ్చాం' అన్నారు. నన్ను తీసుకొచ్చి హాల్లో పక్కన కూచోబెట్టుకున్నారు. మా అత్తకి కోడలంటే లెక్కలేదుగానీ, చుట్టాలకి మర్యాద తక్కువైతే తలకొట్టేసినట్టుండేది. పళ్ళు కోసిచ్చింది, టీ ఇచ్చింది, పళ్ళు నూరుతూనే ఇంకొంచెం తీసుకోండి అంది. కొన్నాళ్ళు అలా చేసీ చేసీ విసిగిపోయి, ఒకరోజు గుత్తి తెచ్చి నా ఒళ్ళో పడేసింది. 'ఈ చుట్టాలకి చాకిరీ నావల్ల కాదు. నీ ఇల్లు నువ్వే చూసుకో' అంది." అత్తగారు టీ వడగట్టడం ఆపి, "నీ ఇల్లు అంది," అంది మళ్ళీ.

"మరి అప్పుడైనా మానెయ్యొచ్చు కదండీ?"

"మానెయ్యమన్నాను. ఇలాగే హాయిగా ఉందండీ అన్నారు. నేనూ గట్టిగా అనలేదులే. ఆయన అలా అడిగినప్పుడల్లా నాకు ఇప్పటికీ బాగానే ఉంటుంది." కప్పు నా చేతికిచ్చి, "ఆయనతో అనకు," అంది.

మర్నాడు బీరువా ఎక్కడికి జరపాలా అని మేం చూస్తుంటే, మామగారు దుకాణానికి వెళ్ళకుండా ఇద్దరు కూలీల్నీ ఒక తోపుడుబండినీ తీసుకొచ్చారు. "ఎక్కడికో ఎందుకు? అమ్మ బీరువా కూతురికి చేరాలి. అక్కయ్య దగ్గరికి పంపిద్దామా?" అని నన్ను అడిగారు. అడగక్కర్లేదన్న మనిషికి అడిగే అలవాటు పోలేదు.

"వాళ్ళింట్లో ఎక్కడ పెడతారు నాన్నా?" అన్నారు మా ఆయన. "అత్తే హాల్లో, చెప్పుల స్టాండు పక్కన మడతమంచం మీద పడుకుంటోంది."

"అలాగా? నేనెప్పుడూ గమనించలేదే," అన్నారు మామగారు. కొలతల టేపు ఆయన జేబులోంచి తొంగిచూస్తోంది.

బీరువా వాళ్ళింటి గుమ్మంలో వెంట్రుకవాసి తేడాతో దూరింది. హాల్లోకి వచ్చేసరికి టీవీకీ సోఫాకీ మధ్య ఇరుక్కుపోయింది. జడ్జీగారి కొడుకు నెత్తి పట్టుకున్నాడు. "మామయ్యా, ఇది హాల్లో పట్టదు!"

"పట్టదా! అయ్యయ్యో. వెనక్కి పంపిద్దామంటే మా గదిలో పని మొదలైపోయింది. బయట పెడితే వానకి పాడైపోతుంది. ఆ పక్కగదిలో ఏముంది నాయనా?"

"పాత సామాన్లు మామయ్యా. విరిగిన సైకిలు, అట్టపెట్టెలు..."

"అంతేనా! జరిపేద్దాం పద." అనడమే తరువాయి, చొక్కా చేతులు మడిచి అట్టపెట్టెలు మొయ్యడం మొదలుపెట్టారు. పెద్దాయన మోస్తుంటే మేనల్లుడు చూస్తూ నిలబడలేడు కదా. బీరువా లోపలికి వెళ్ళింది. అది పోగా మిగిలిన చోటు సరిగ్గా ఒక మంచానికి సరిపోయింది. "ఇంత పాత బీరువాని ఒంటరిగా వదలకూడదు నాయనా, చెదలు పడుతుంది. పక్కన ఎవరైనా పడుకుంటే మంచిది," అని మడతమంచాన్ని ఆయనే మోసుకొచ్చి వేశారు. తర్వాత సంచీలోంచి తలుపు గడియ తీసి, ఆ గది తలుపుకి లోపలివైపు బిగించడం మొదలుపెట్టారు.

మరలు బిగించడం అయ్యాక జడ్జీగారు నెమ్మదిగా లోపలికి వెళ్ళింది. బీరువా మీద ఒకసారి చెయ్యి వేసింది. నావైపు చూసి ఏదో అనబోయి, "ఆ పళ్ళు... మళ్ళీ చెయ్యొచ్చా?" అని అడిగింది.

"చెయ్యొచ్చు పెద్దమ్మగారూ. రాత్రే చేసేశాను," అన్నాను.

ఆవిడ తల ఊపి, తలుపు వేసుకుంది. గడియ పడిన చప్పుడైంది. తీసిన చప్పుడైంది. మళ్ళీ పడింది. మళ్ళీ తీసింది. మేమందరం హాల్లో నిలబడి వింటున్నాం. నాలుగోసారో అయిదోసారో పడ్డాక ఇంక తియ్యలేదు.

మామగారు తలుపు దగ్గరికి వెళ్ళి, వేలి కణుపుతో మెల్లగా తట్టారు. "అక్కయ్యా, లోపలికి రావచ్చా?"

లోపల ముక్కు చీదిన చప్పుడు. ఆ తర్వాత మాకందరికీ బాగా తెలిసిన జడ్జీగారి గొంతు, ఎప్పటి దర్జాతోనే వినిపించింది.

"చెప్పులు విప్పి రా."